మిరపే కూర అయిన చోట: టెక్సాస్ చిల్లీని ఇంట్లో వండాలంటే

అమెరికా వంటల పుస్తకం ముందు పెట్టుకుని చిల్లీ అనే మాంసం వంటకం వండబోయే తెలుగువారు మొదట తడబడేది ఒక్క మాట దగ్గర. కిలో మాంసానికి మూడు పెద్ద చెంచాల చిల్లీ పౌడర్ వేయాలని అందులో ఉంటుంది. మన ఇంట్లో ఆ మాటకు అర్థం కారం. డబ్బాలోని గుంటూరు కారం మూడు పెద్ద చెంచాలు నిండుగా వేస్తే ఆ గిన్నె జోలికి ఎవరూ వెళ్లలేరు. భయపడి అర చెంచాతో సరిపెడితే చివరికి తయారయ్యేది టమాటా రసంలో ఉడికిన ఖీమా, రాజ్మా. రెండు విధాలా చిల్లీ చేతికి రాదు. పుస్తకంలోని కొలత సరైనదే. అక్కడ చిల్లీ పౌడర్ అంటే ఎండుమిరప, జీలకర్ర, ఒరెగానో, ఎండిన వెల్లుల్లి, కొన్ని రకాల్లో ఉప్పు కూడా కలిపి కొట్టిన మసాలా పొడి. అందులో పడే మిరప కూడా ఘాటు తక్కువ, కండ ఎక్కువ ఉన్న రకం. సాంబారు పొడి అడిగితే కారం డబ్బా అందించినట్టు ఉంటుంది ఈ తేడా.

ఈ తికమక వెనక ఉన్న సంగతిని ముందు పట్టుకుంటే మిగతా వంట సులువవుతుంది. తెలుగింటి మాంసం కూరలో కారం అనేక దినుసుల్లో ఒకటి. ఉల్లిపాయ, కొబ్బరి, గసగసాలు, ధనియాలు కలిసి పులుసుకు చిక్కదనం ఇస్తాయి, కారం దానికి పదును పెడుతుంది. చిల్లీలో ఆ చిక్కదనం ఇచ్చే పని కూడా మిరపదే. ఎండుమిరపకాయలను నానబెట్టి, మెత్తగా రుబ్బి, ఆ ముద్దలోనే మాంసాన్ని రెండు గంటల పాటు మగ్గిస్తారు. అంటే ఇక్కడ మిరప ఒక కూరగాయ. కొరివికారం నూరుకునే ఇళ్లలో ఈ చూపు కొత్తది కాదు. ఆ పచ్చడిలో పండుమిరపను తీసేస్తే ఇక మిగిలేదేమీ ఉండదు. చిల్లీ పేరులో కూడా ఇదే ఉంది. స్పానిష్‌లో ‘చిలీ కోన్ కార్నె’ అంటే మాంసంతో మిరప. ముందు మిరప, దానికి తోడు మాంసం. ‘చిలీ’ అన్న మాట ఒకప్పుడు మెక్సికోను ఏలిన ఆజ్టెక్‌లు మాట్లాడిన నాహువాట్ల్ భాష నుంచి స్పానిష్‌లోకి వచ్చింది. మన హోటళ్లలో దొరికే చిల్లీ చికెన్‌కు దీనితో ఏ చుట్టరికమూ లేదు.

శాన్ ఆంటోనియో పొయ్యి మీద

ఇది మెక్సికో వంట అని చాలామంది అనుకుంటారు. మూలాలు అటువైపువే అయినా, వంటకంగా రూపు దిద్దుకున్నది టెక్సాస్‌లో, ముఖ్యంగా శాన్ ఆంటోనియో ఊళ్లో, మెక్సికన్ కుటుంబాల పొయ్యిల మీద. టెక్సాస్ ఇంకా మెక్సికోలో భాగంగా ఉన్న 1828లో ఆ ఊరు చూసిన జె.సి. క్లాపర్ రాసిపెట్టిన నాలుగు మాటలు ఈ వంట గుట్టు మొత్తం విప్పుతాయి. మాంసం డబ్బు పెట్టి కొనాల్సి వచ్చినప్పుడు అక్కడి కుటుంబాలు కొద్దిపాటి మాంసంతోనే సరిపెట్టుకునేవట. దాన్ని చిన్న ముక్కలుగా తరిగి, ముక్కలు ఎన్ని ఉంటే దాదాపు అన్ని మిరపకాయలు వేసి, అంతా కలిపి ఉడికించేవారట. పావు కిలో మాంసం ఇంటిల్లిపాదికీ సరిపోవాలంటే కూర పెరగాలి. ఆ కూరను పెంచింది మిరప. చిల్లీ గురించి తర్వాత వచ్చిన వాదాలన్నిటికంటే ఈ పాత వర్ణన వంట చేసేవారికి ఎక్కువ పనికొస్తుంది.

జీలకర్ర కథ వేరు. 1731లో స్పెయిన్ ఏలుబడిలోని కేనరీ దీవుల నుంచి కొన్ని కుటుంబాలు శాన్ ఆంటోనియోకు వచ్చి స్థిరపడ్డాయి. అక్కడి వంటల్లో జీలకర్ర అంత ధారాళంగా పడటానికి వారే కారణమని టెక్సాస్‌లో చెప్పుకుంటారు. ఎవరు తెచ్చినా అది సముద్రం దాటి వచ్చిన దినుసే. ఉల్లి, వెల్లుల్లి, పశువులు కూడా స్పెయిన్ ఓడల్లోనే అటు వెళ్లాయి. మిరప, టమాటా, రాజ్మా మాత్రం అమెరికా ఖండాల సొంత పంటలు. పోర్చుగీసు ఓడల్లో 16వ శతాబ్దంలో మిరప మన తీరానికి చేరింది. ఇక్కడి జీలకర్ర పోపులో అక్కడి మిరప పడితే మన కూర అయింది, అక్కడి మిరప ముద్దలో ఇటువైపు జీలకర్ర పడితే చిల్లీ అయింది. ఈ గిన్నె మూత తీయగానే తెలుగువారికి తెలిసిన వాసన రావడానికి కారణం ఈ ఇచ్చిపుచ్చుకోవడమే.

19వ శతాబ్దపు చివరి దశాబ్దాల్లో శాన్ ఆంటోనియో కూడళ్లలో సాయంత్రం కాగానే ఆడవాళ్లు బల్లలు వేసి, లాంతర్లు వెలిగించి చిల్లీ అమ్మేవారు. ఇంట్లో వండి తెచ్చిన పెద్ద గిన్నెలను అక్కడ కట్టెల నిప్పుల మీద వేడిగా ఉంచేవారు. వారిని ‘చిల్లీ రాణులు’ అని పిలిచేవారు. రైల్వే వచ్చాక ఊరు చూడవచ్చిన ప్రయాణికులు మిలిటరీ ప్లాజాలో వీరి బల్లల దగ్గర తినకుండా వెళ్లేవారు కాదు. 1893లో షికాగోలో జరిగిన ప్రపంచ ప్రదర్శనలో శాన్ ఆంటోనియో చిల్లీ అంగడి ఒకటి పెట్టారు. దాంతో ఈ రుచి టెక్సాస్ బయటి వారికీ తెలిసింది. దాదాపు అదే కాలంలో, న్యూ బ్రాన్‌ఫెల్స్ ఊళ్లో స్థిరపడిన జర్మన్ వలసదారు విలియం గెబ్‌హార్ట్ ఎండుమిరపను సుగంధ దినుసులతో కలిపి పొడి కొట్టి సీసాల్లో అమ్మడం మొదలుపెట్టాడు. ఏడాది పొడవునా, ఏ ఊళ్లోనైనా చిల్లీ వండుకునే వీలు ఆ పొడి కల్పించింది. చిల్లీ పౌడర్ అనే మాటకు అమెరికాలో మిశ్రమం అన్న అర్థం స్థిరపడింది కూడా ఇలాంటి పొడులతోనే. ఆ సౌకర్యానికి చెల్లించిన మూల్యం తక్కువేమీ కాదు. మిరపను రుబ్బి ముద్ద చేసే అలవాటు చాలా ఇళ్లలో పోయింది, పులుసుకు ఒళ్లు ఇచ్చే బాధ్యత డబ్బా టమాటా మీద పడింది. చిల్లీ రాణుల బల్లలు 1930లలో ఆరోగ్య శాఖ నిబంధనల దెబ్బకు ఒక్కొక్కటిగా లేచిపోయాయి.

రాజ్మా గింజలు వేయాలా వద్దా

టెక్సాస్‌లో ఇది చిన్న ప్రశ్న కాదు. అక్కడి శాసనసభ 1977లో చిల్లీని రాష్ట్ర అధికారిక వంటకంగా ప్రకటించింది. మెక్సికో సరిహద్దుకు దగ్గర్లోని టెర్లింగ్వా అనే పాడుబడ్డ గనుల ఊళ్లో 1967లో మొదలైన చిల్లీ పోటీల సంప్రదాయం ఇప్పటికీ సాగుతోంది. అక్కడ పోటీలు నడిపే చిల్లీ అప్రిసియేషన్ సొసైటీ ఇంటర్నేషనల్ నిబంధనల ప్రకారం రాజ్మా వంటి చిక్కుడు గింజలు, బియ్యం, పాస్తా వంటివి ఏవీ గిన్నెలో పడకూడదు. అమెరికా అధ్యక్షుడిగా పనిచేసిన లిండన్ జాన్సన్ ఇష్టపడిన పెడర్నాలెస్ రివర్ చిల్లీ తయారీ విధానం కోసం జనం ఎంతగా ఉత్తరాలు రాశారంటే, ఆయన భార్య లేడీ బర్డ్ దాన్ని కార్డుల మీద అచ్చు వేయించి పంపేవారు. అందులోనూ గింజలు లేవు. టెక్సాస్ దాటితే ఈ కట్టుబాటు సడలిపోతుంది. ఒహాయో రాష్ట్రంలోని సిన్సినాటిలో మాసిడోనియా నుంచి వలస వచ్చిన అన్నదమ్ములు 1922లో మొదలుపెట్టిన చిల్లీలో దాల్చినచెక్క పడుతుంది, దాన్ని స్పగెట్టీ మీద పోసి తింటారు.

పోటీకి వండేవారి నియమం పోటీకి సరిపోతుంది. అక్కడ న్యాయనిర్ణేత రెండు చెంచాలే తింటాడు, గింజ అడ్డొస్తే మిరప, మాంసాల పొత్తు తెలియదు. ఇంటి గిన్నె సంగతి వేరు. ఆరుగురు కూర్చుని కడుపునిండా తినాలి. ఉడికిన గింజలోని పిండి పులుసును పట్టి ఉంచుతుంది, ఘాటును కాస్త కిందికి దించుతుంది, మాంసం ఖర్చును సగం చేస్తుంది. చిల్లీ రాణుల బల్లల మీద కూడా పక్కనే చిక్కుడు గింజలు ఉండేవి. మాంసాన్ని మిరపతో పెంచుకున్న కుటుంబాల వంట ఇది, గింజలతో పెంచితే అందులో అపచారం ఏమీ లేదు. షరతు ఒక్కటే: గింజలను విడిగా ఉడికించాలి. ఎందుకో కింద వస్తుంది.

మిరపకాయ చేతిలోకి తీసుకుని చూస్తే

చిల్లీకి వెన్నెముక ఆంచో మిరప. మెక్సికోలో పొబ్లానో అనే పెద్ద పచ్చిమిరపను పండించి ఎండబెడితే ఆంచో అవుతుంది. అరచేయంత వెడల్పు, ముడతలు పడిన నల్లని ఎరుపు, నలిపితే ఎండుద్రాక్ష వాసన. ఘాటు చాలా తక్కువ. అమెరికా ఔషధ శాస్త్రవేత్త విల్బర్ స్కోవిల్ 1912లో రూపొందించిన కొలమానం మీద ఆంచో 1,000 నుంచి 2,000 మధ్య ఉంటుంది. మన గుంటూరు సన్నం 35,000 దాటుతుంది. ఒక్క గుంటూరు కాయ ఘాటుకు దాని బరువుకు ఇరవై రెట్ల ఆంచో పడుతుందన్నమాట. అందుకే అక్కడి వంటలో మిరపను గుప్పెళ్లకొద్దీ వేయగలరు. ఆంచోకు తోడు గువాహీయో వేస్తారు. అది సన్నగా, నున్నగా ఉంటుంది, పులుసుకు ఎర్రని రంగునూ కొద్దిపాటి పులుపునూ ఇస్తుంది. ఘాటు చాలకపోతే రెండు ఆర్బోల్ కాయలు, పొగ వాసన కావాలంటే ఒక చిపోట్లే. కిలో మాంసానికి అన్నీ కలిపి 80 గ్రాముల వరకు ఎండుమిరప పడుతుంది. డాలస్ శివార్లలోని ఫ్రిస్కో, ఇర్వింగ్‌ల వంటి చోట్ల ఉండే తెలుగువారికి ఇవన్నీ ఏ మెక్సికన్ సరుకుల దుకాణంలోనైనా దొరుకుతాయి. ఇండియన్ దుకాణం నుంచి కారం తెచ్చి వాడటం కంటే ఆ దుకాణానికి వెళ్లడం మేలు.

ఆంధ్ర, తెలంగాణల్లో వండేవారు ఆలోచించాల్సింది ఘాటు లేని కండ గురించి. బ్యాడిగి మిరప రంగు ఇస్తుంది కానీ తొక్క పలచన, ఘాటు ఆంచో కంటే బాగా ఎక్కువ. కాబట్టి 40 గ్రాములు మించకుండా, గింజలూ లోపలి తెల్లటి ఈనెలూ తీసి వాడాలి. ఘాటు గింజల్లో ఉంటుందని అనుకుంటారు. అసలు ఘాటుకు కారణమైన క్యాప్సైసిన్ తయారయ్యేది గింజలు అంటుకుని ఉండే ఆ తెల్లటి భాగంలో. గింజలకు అంటేది దాని నుంచే. వరంగల్ ప్రాంతపు చపాటా మిరప దొరికితే అదృష్టమే. భౌగోళిక గుర్తింపు పొందిన ఈ కాయను టమాటా మిర్చి అని కూడా అంటారు. చూడటానికి బొద్దుగా, టమాటాలా ఉంటుంది. రంగు గాఢం, ఘాటు తక్కువ. ముద్దగా రుబ్బి వండే వంటకు మన నేలలో పండేవాటిలో ఇంతకు మించి సరిపోయేది కనబడదు. ఆంచోలోని ఎండుద్రాక్ష తీపి మాత్రం దీనిలో రాదు. ముద్దతో పాటు గింజ తీసిన రెండు ఖర్జూరాలు నానబెట్టి రుబ్బితే ఆ లోటు చాలావరకు తీరుతుంది. ఘాటు కోసం నాలుగు గుంటూరు కాయలు చాలు.

కాయల తొడిమలు తీసి, చీల్చి, గింజలు దులిపి, మంద మూకుడులో నూనె లేకుండా వెచ్చబెట్టాలి. ఒక్కో పక్క పది పదిహేను సెకన్లే. తొక్క కాస్త మెత్తబడి, రంగు తేరి, గదంతా వాసన వస్తే చాలు. నల్ల మచ్చ పడిందంటే ఆ కాయ చేదెక్కినట్టే. పారేసి ఇంకొకటి తీసుకోవాలి, ఎందుకంటే ఆ చేదును తర్వాత ఏ బెల్లమూ కప్పలేదు. వేడినీళ్లలో అరగంట నానితే కండ ఉబ్బి, వేళ్ల మధ్య జారుతుంది. నానబెట్టిన నీటిని ఒక చుక్క నాలుక మీద వేసుకుని చూడాలి. చేదుగా ఉంటే పారబోసి మంచినీళ్లతో రుబ్బుకోవాలి, తియ్యగా ఉంటే అవే నీళ్లు పోయాలి. మిక్సీలో ఎంత తిప్పినా తొక్క పూర్తిగా నలగదు. జల్లెడలో వేసి గరిటె వెనకవైపుతో నొక్కితే కింద ఇటుక రంగు గుజ్జు చిక్కగా జారుతుంది, పైన తోలు ముక్కల్లాంటి తొక్కలు మిగులుతాయి. ఈ వడకట్టడం మానేసినవారి చిల్లీలో తొక్క పళ్లకు చుట్టుకుంటుంది.

మాంసం, సెగ, ఓపిక

టెక్సాస్‌లో ఈ వంటకు వాడేది బీఫ్, అందులోనూ మెడ, భుజం దగ్గరి గట్టి మాంసం. లేతదని ఖరీదైన భాగం కొనడం ఇక్కడ డబ్బు దండగే కాదు, వంటకు చెరుపు కూడా. ఎక్కువ కష్టపడిన కండలో కొల్లాజెన్ అనే బంధక పదార్థం ఎక్కువ. 70 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడిలో గంటల తరబడి ఉంచితే అది కరిగి జెలటిన్ అవుతుంది. పాయా తిన్నాక పెదవులు అతుక్కున్నట్టు ఉంటుందే, అదే పదార్థం. చిల్లీ పులుసుకు మిరప గుజ్జు ఇచ్చే ఒళ్లుకు తోడు ఈ నిగారింపు రావాలి. వేట మాంసంతో వండేవారు భుజం, మెడ ముక్కలు ఎముక లేకుండా అడిగి తీసుకోవచ్చు. మేక మాంసం బీఫ్ కంటే కాస్త ముందే ఉడుకుతుంది. కోడితో చేయాలంటే తొడ భాగమే, అదీ నలభై నిమిషాలకు మించకుండా.

ఖీమాతో వండే చిల్లీ రోజువారీ వంటకు సులువు. అయితే మన దుకాణాల్లో కొట్టే ఖీమా మరీ సన్నం, పులుసులో పడగానే ఇసుకలా విడిపోతుంది. ముతకగా కొట్టించుకోవాలి. లేదా మూకుడులో దాన్ని కదపకుండా దిబ్బరొట్టెలా పరిచి, అడుగు బాగా ఎర్రగా కాలాక అప్పుడు ముక్కలుగా విరగ్గొట్టాలి.

అంగుళం కంటే కాస్త చిన్న ముక్కలుగా కోసిన మాంసాన్ని ముందు బట్టతో తడి లేకుండా అద్ది, ఉప్పు రాయాలి. తడి ఎందుకు ఆరాలంటే, మాంసం పైన ఎర్రటి పొర, దాని కమ్మదనం 140 డిగ్రీలకు అటూ ఇటూ గానీ రావు. నీరు ఉన్నంతసేపు వేడి 100 దాటదు. అడుగు మందంగా ఉన్న గిన్నెలో నూనె బాగా కాగాక కిలో మాంసాన్ని మూడు వాయిలుగా వేయాలి. తేడా చెవికే తెలుస్తుంది. ముక్కలు ఎడంగా ఉంటే చురచురమనే ఎండు చప్పుడు వస్తుంది. గిన్నె నిండిపోతే నీరు ఊరి, అది బుడబుడమనే తడి చప్పుడుగా మారుతుంది. అప్పుడు మాంసం వేగడం మానేసి ఉడుకుతున్నట్టు. అన్ని పక్కలా ఎర్రబడాలన్న పట్టుదల అక్కర్లేదు, ఒక పక్క బాగా కాలితే చాలు. గిన్నె అడుగున అంటుకున్న గోధుమ రంగు పొరను గీకి పారేయకూడదు. రెండు పెద్ద ఉల్లిపాయలు సన్నగా తరిగి వేసి కాస్త ఉప్పు చల్లితే, వాటి నీటితోనే ఆ పొర కరిగి లేస్తుంది. అది నల్లగా మాడి ఉంటే మాత్రం గిన్నె మార్చాల్సిందే.

ఇక్కడి నుంచి తెలుగు వంట చేసే చెయ్యికి అంతా తెలిసిన దారే. ఉల్లి రంగు తిరిగాక పది వెల్లుల్లి రెబ్బలు నలిపి వేసి, వేయించి పొడి కొట్టిన జీలకర్ర రెండు చిన్న చెంచాలు, ఆ వెంటనే మిరప గుజ్జు. ఇది చిందుతుంది, మూత అడ్డం పెట్టుకోవాలి. మిరప ఎరుపూ ఘాటూ రెండూ నూనెలో కరిగేవే, నీటిలో కరగవు. మన పోపులో ఎండుమిరపను నూనెలో వేయించడం వెనక ఉన్న కారణమే ఇక్కడా పనిచేస్తుంది. గుజ్జు దగ్గరపడి, రంగు ముదిరి, అంచుల్లో నూనె తేలే దాకా ఆరేడు నిమిషాలు కలుపుతూ ఉండాలి. తొందరపడి ముందే నీళ్లు పోస్తే ఎంత సేపు మరిగించినా పచ్చివాసన వదలదు.

ఒరెగానో విషయంలో ఒక మాట. చిల్లీలో వాడే మెక్సికన్ ఒరెగానో, పిజ్జాల మీద చల్లే ఒరెగానో వేరువేరు మొక్కలు, వాటి కుటుంబాలే వేరు. మెక్సికన్ రకం వాసనలో థైమాల్, కార్వాక్రాల్ అనే నూనెలు ప్రధానం. ఈ రెండూ మన పెరట్లో పెరిగే వామాకులో కూడా ఉన్నాయి. రెండు వామాకులు సన్నగా తరిగి వేయడం, లేదంటే చిటికెడు వాము నలిపి వేయడం పిజ్జా పొట్లాల్లోని ఒరెగానో కంటే ఈ వంటకు దగ్గరగా ఉంటుంది. మోతాదు మించితే వాము వాసన మిగతావాటిని మింగేస్తుంది. గరం మసాలా మాత్రం వద్దు. లవంగం, యాలకులు పడగానే గిన్నె మాంసం కూర వైపు తిరిగిపోతుంది.

టమాటాలు రెండు చాలు. అంతకు మించితే మిరప వెనక్కి పోయి పులుపు ముందుకు వస్తుంది. వేయించిన మాంసం, దాని నుంచి ఊరిన రసం గిన్నెలో తిరిగి చేర్చి, లీటరు వేడినీళ్లో, ఎముకలు ఉడికించిన నీళ్లో పోసి, ఒక పొంగు రానిచ్చి, సెగ బాగా తగ్గించాలి. పైన అక్కడొకటి ఇక్కడొకటి బుడగ లేస్తుంటే సరైన సెగ. కుతకుతా మరిగితే కొల్లాజెన్ కరిగే లోపే కండ బిగుసుకుని రసం వదిలేస్తుంది. మూత ఓరగా పెట్టి, బీఫ్ అయితే రెండు నుంచి రెండున్నర గంటలు, మేక మాంసమైతే గంటన్నర దాటాక గరిటెతో నొక్కి చూడాలి. ముక్క విడిపోకుండా అణగాలి. సమయం లేనివారు ప్రెషర్ కుక్కర్‌లో ఉడికించుకోవచ్చు, అయితే తర్వాత మూత తీసి కనీసం అరగంట సన్న సెగ మీద దగ్గరపడనివ్వాలి. మూసిన కుక్కర్‌లో నీరు ఆవిరై పోదు, పులుసు పలచగానే ఉంటుంది.

రాజ్మా విషయంలో రాజీ లేదు

బీన్స్ అంటే మన కూరగాయల బజారులో పచ్చికాయలు. చిల్లీలో పడేవి ఎండు గింజలు, ఎర్ర రాజ్మా లేదా మచ్చల పింటో. 250 గ్రాములు కిలో మాంసానికి సరిపోతాయి. రాత్రి లీటరు నీళ్లలో ఒక పెద్ద చెంచా ఉప్పు కలిపి నానబెట్టాలి. ఉప్పు వేస్తే గింజలు ఉడకవన్న మాట చాలా ఇళ్లలో వినిపిస్తుంది. నానబెట్టే నీటిలో ఉప్పు చేసేది దానికి ఎదురు. గింజ తొక్కను గట్టిగా పట్టి ఉంచే కాల్షియం, మెగ్నీషియం స్థానంలోకి సోడియం చేరి తొక్క మెత్తబడుతుంది, పగలకుండా ఉడుకుతుంది.

గింజలను నిజంగా బిగదీసేది పులుపు. టమాటా ఉన్న పులుసులో నేరుగా పచ్చి రాజ్మా వేస్తే మూడు గంటలైనా మధ్యలో పలుకు మిగులుతుంది. అందుకే విడిగా ఉడికించడం. చింతపండు పోశాక కందిపప్పు ఉడకదని తెలిసిన వంటింటికి ఇది వేరే చెప్పాల్సిన పని లేదు.

రెండో కారణం ఆరోగ్యానిది, దీన్ని తేలిగ్గా తీసుకోకూడదు. పచ్చి రాజ్మాలో, అందులోనూ ఎర్రని రకంలో, ఫైటోహిమాగ్లుటినిన్ అనే విషపదార్థం ఉంటుంది. సరిగా ఉడకని నాలుగైదు గింజలు తిన్నా మూడు గంటల లోపే తీవ్రమైన వాంతులు, విరేచనాలు పట్టుకోవచ్చు. కనీసం ఐదు గంటలు నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో అరగంట పాటు తెర్లుతూ మరిగించాలని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ చెబుతుంది. ప్రమాదం ముఖ్యంగా స్లో కుక్కర్‌తో. అందులో వేడి తరచూ మరిగే స్థాయికి చేరదు. 80 డిగ్రీల దగ్గర గింజ మెత్తబడినట్టే కనిపిస్తుంది కానీ విషం పోదు, పచ్చి గింజల కంటే ఎక్కువ కూడా కావచ్చు. పొద్దున అన్నీ అందులో పడేసి ఆఫీసుకు వెళ్లే అలవాటు ఉన్న అమెరికా తెలుగు ఇళ్లలో ఈ ఒక్క సంగతి తప్పక తెలిసి ఉండాలి. మన ప్రెషర్ కుక్కర్‌కు ఈ ఇబ్బంది లేదు. లోపల వేడి 120 డిగ్రీల దాకా వెళుతుంది. నాలుగైదు కూతలు వచ్చాక సెగ తగ్గించి పది పదిహేను నిమిషాలు ఉంచితే గింజ లోపలి దాకా ఉడుకుతుంది. రెండు వేళ్ల మధ్య నొక్కితే పిండిలా నలగాలి. ఒక్కటి కాదు, ఐదారు చూడాలి, ఎందుకంటే పాత సరుకు కలిసి ఉంటే కొన్ని మొండికేస్తాయి. డబ్బాలో వచ్చేవి ముందే ఉడికినవి, కడిగి వేసుకుంటే చాలు.

ఉడికిన గింజలను మాంసం పూర్తవడానికి అరగంట ముందు గిన్నెలో చేర్చాలి. ఒక గుప్పెడు గింజలను ముందుగా మెదిపి కలిపితే పులుసు తనంతట తానే చిక్కబడుతుంది. టెక్సాస్‌లో ఇందుకు సున్నపు నీటిలో ఉడికించి విసిరిన మొక్కజొన్న పిండి, అంటే మాసా, ఒక పెద్ద చెంచా నీళ్లలో కలిపి పోస్తారు. టోర్టియా అనే మెక్సికన్ రొట్టె వాసన దానితోనే వస్తుంది. ఇక్కడ కార్న్‌ఫ్లోర్ పేరుతో అమ్మే తెల్లటి పొడి దానికి బదులు కాదు, అది ఉత్త గంజిపొడి. పులుసును జిగురు చేస్తుంది, రుచి ఏమీ ఇవ్వదు.

దించే ముందు ఉప్పు, పులుపు చూడాలి. గంటల తరబడి మగ్గిన మిరప గుజ్జులో రుచులన్నీ ఒకదానిలో ఒకటి కలిసిపోయి కాస్త మందంగా అనిపిస్తాయి. సగం నిమ్మచెక్క పిండగానే జీలకర్ర వేరుగా, మాంసం వేరుగా తెలుస్తాయి. చేదు ఏమాత్రం తగిలినా చిన్న బెల్లం ముక్క. అక్కడ దీని మీద సన్నగా తరిగిన పచ్చి ఉల్లి, తురిమిన చీజ్, పులిసిన మీగడ వేసుకుని మొక్కజొన్న రొట్టెతోనో, ఉప్పు బిస్కెట్లతోనో తింటారు. మన దగ్గర జొన్నరొట్టెకు మించిన జోడీ దీనికి లేదు. అన్నంలోకి కావాలంటే పులుసు కాస్త పలచగా దించుకోవాలి. ఘాటు ఎక్కువైనవారికి మంచినీళ్లు పనికిరావు, క్యాప్సైసిన్ నీటిలో కరగదు కదా. పాలలోని కేసిన్ అనే మాంసకృత్తు దాన్ని పట్టుకుని నాలుక మీది నుంచి తీసుకుపోతుంది. ఒక చెంచా గట్టి పెరుగు పక్కన పెట్టుకోవడం అందుకే.

వండిన రోజు కంటే మరునాడు చిల్లీ బాగుంటుందన్న మాటలో నిజం ఉంది. రాత్రంతా గింజలు పులుసు పీల్చుకుంటాయి, మసాలా వాసనలు కొవ్వులో కలిసి నెమ్మదిస్తాయి, చల్లబడిన జెలటిన్ పులుసును బిగిస్తుంది. అయితే పెద్ద గిన్నెను పొయ్యి మీదే తెల్లారేదాకా వదిలేయకూడదు. నెమ్మదిగా చల్లారే మాంసం పులుసులో క్లోస్ట్రిడియం పెర్‌ఫ్రింజెన్స్ అనే సూక్ష్మజీవి వేగంగా పెరుగుతుంది. దాని బీజాలు వంట వేడికి చావవు. లోతు తక్కువ ఉన్న రెండు మూడు గిన్నెల్లోకి వంపి, రెండు గంటల లోపు ఫ్రిజ్‌లో పెట్టాలి. మూడు నాలుగు రోజుల్లో తినేయాలి. మరునాడు తీసేటప్పటికి అది ముద్దలా గడ్డకట్టి ఉంటుంది. అర గ్లాసు వేడినీళ్లు పోసి, సన్న సెగ మీద అడుగంటకుండా కలుపుతూ, మధ్య భాగం కూడా బాగా మరిగే దాకా ఉంచాలి. దించే ముందు ఉప్పు మళ్లీ చూడాలి. గింజలు రాత్రి ఉప్పు లాగేసుకుంటాయి కాబట్టి చాలాసార్లు ఇంకో చిటికెడు కావాల్సి వస్తుంది.